ఆ కూత సినిమాలోది కాదు

పోయిన ఏడాది వచ్చిన ఒక సినిమాలో హీరో కొండ మీద నుంచి దిగివస్తుంటే వెనక ఒక కూత వినిపిస్తుంది. సన్నగా మొదలై, మధ్యలో తెగి, చివర పైకి లేస్తుంది. ఆత్మకూరులో నేనా సినిమా చూస్తున్నప్పుడు పక్క సీటాయన నా మోచేయి తట్టి, "ఇది మన డీజే పాటలోది గదా!" అన్నాడు. నేనెవరో ఆయనకు తెలియదు. ఆ పాట చేసింది నేనే.

సినిమావాళ్ళు నా పాటలోంచి ఆ ముక్క తీసుకున్నారు. నేను మిగతా ముక్కలన్నీ పాత సినిమాల్లోంచి తీసుకున్నవాణ్ణి కాబట్టి వాళ్ళను అడిగే మొహం నాకు లేదు. నన్ను కుదురుగా కూర్చోనివ్వనిది వేరే సంగతి. ఆ కూత ఏదో సినిమాలోది అని నేను ఏళ్ళ తరబడి అందరికీ అబద్ధం చెబుతూ వచ్చాను. ఇప్పుడు అది నిజంగానే సినిమాలోకి వెళ్ళి కూర్చుంది. ఇక ముందు ఎవరు వెతికినా ఆ సినిమా పేరే దొరుకుతుంది. అందుకని ఇప్పుడైనా రాసిపెట్టాలనిపించింది.

ల్యాప్‌టాప్ ముందు కూర్చుని పాటలు కలిపే తమ్ముళ్ళు చదివితే చాలు. మీకు సలహాలిచ్చే అర్హత నాకు లేదు. జరిగింది చెబుతాను.

ఆత్మకూరు బస్టాండు ఎదురు సందులో నాకొక చిన్న కొట్టు ఉండేది. మొదట్లో మెమరీ కార్డుల్లో పాటలు ఎక్కించేవాణ్ణి. డేటా చవకయ్యాక ఆ గిరాకీ పడిపోయింది. కొట్టు మూసేద్దామనుకుంటుండగా ఉదయగిరి నుంచి ఒక సౌండ్ సర్వీస్ ఓనరు వచ్చాడు. ట్రాక్టరు ట్రక్కులో మనిషెత్తు స్పీకరు బాక్సులు పేర్చుకుని పెళ్ళిళ్ళకూ నిమజ్జనాలకూ తిరిగేవాడు. నా ఈడువాడే. మనిషి భారీ, గొంతు ఇంకా భారీ.

"రేయ్, అందరి బండ్లలోనూ అవే పాటలు మోగతాండాయి. నా బండి వస్తే నాదే అని తెలియాల. ఏదన్నా చెయ్యి," అన్నాడు.

"ఏం చెయ్యమంటావ్?"

"నాకేం తెలుసు? కంప్యూటరు పెట్టుకోనుండేది నువ్వు గదా!"

ఆ రోజు నుంచి అతను నన్ను పేరుపెట్టి పిలవలేదు. "మిక్సింగూ" అనేవాడు. నాకూ అది బాగానే ఉండేది.

అప్పట్లో మా వైపు మిక్సింగ్ అంటే హిట్టయిన పాట కింద పెద్ద దరువు వేయడమే. నేను పాటలను వదిలేసి సినిమాల్లోని చప్పుళ్ళ మీద పడ్డాను. దానికొక కారణముంది. మా నాయన ఉదయగిరిలో టెంటు హాల్లో ఆపరేటరుగా చేశాడు. చిన్నప్పుడు నేను టెంటు బయట పడుకుని సినిమాలు వినేవాణ్ణి. బొమ్మ కంటే చప్పుడే నాకు బాగా గుర్తు. ఒక జానపద సినిమాలో గుర్రాల డెక్కల చప్పుడు తీసుకుని వేగం తగ్గిస్తే మంచి దరువయింది. కోర్టు సీనులో జడ్జి సుత్తి దెబ్బ దాని మధ్యలో సరిగ్గా అతికింది. దయ్యాల సినిమాలో తలుపు కిర్రుమనడం, అమ్మవారి సినిమాలో గంట, ఒక ఏడుపు సినిమాలో రైలు వెళ్ళిపోయే చప్పుడు, ఇవన్నీ కోసి అతికితే ఒక పాటలాంటిది తయారైంది. మాటల్లేవు. కానీ విన్నవాళ్ళ కాళ్ళు ఆగేవి కావు.

ఓనరు విని తల ఊపాడు. "బాగుండాది గానీ, ఆగే చోట ఏం లేదే," అన్నాడు.

ఆగే చోటు అంటే మీకు తెలుసు. జనం ఊపులో ఉండగా దరువంతా ఒక్కసారి ఆగిపోతుంది. ఒకే ఒక్క చప్పుడు ఒంటరిగా వినిపిస్తుంది. తర్వాత దరువు మీద పడుతుంది. పాట నిలబడేది అక్కడే. విలను నవ్వు పెట్టి చూశాను, హీరోయిను కేక పెట్టి చూశాను. ఏదీ అతకలేదు.

ఆ రోజుల్లోనే సీతారామపురం దారిలో ఒక బడిలో ఆంప్లిఫయరు బాగుచేసి వస్తున్నాను. దారిలో బండి చైను ఊడింది. రోడ్డు పక్క తుమ్మచెట్టు కింద గొర్రెలు మేపే ఆయన ఒకరు కూర్చుని ఉన్నాడు. నాకంటే పదేళ్ళయినా పెద్ద.

"ఏంది అబ్బయా, బండి మొరాయించిందా?"

"చైను ఊడిందన్నా."

"మా వాటికి చైన్లు లేవు, ఊడేదీ లేదు," అని ఎదుటి కొండవాలు మీది మందను చూపించి నవ్వాడు.

నేను చైను ఎక్కిస్తుండగా ఆయన లేచి రెండు చేతులూ నోటి దగ్గర పెట్టుకుని కూశాడు. దూరాన రాళ్ళ మధ్య చెదిరి ఉన్న గొర్రెలన్నీ ఒక్కసారి తలలెత్తాయి. పక్కకు పోతున్నవి వెనక్కి తిరిగాయి. నా చేతిలో చైను అలాగే ఉండిపోయింది. వెతుకుతున్నది దొరికింది.

"అన్నా, ఇంకొకసారి కుయ్యి."

"ఎందుకు?"

"బాగుండాది."

"బాగుండాదని పిలిస్తే ఎట్టా? అవి వచ్చి నా మొగం చూస్తాయి. నీళ్ళా, మేతా, ఇంటికా అని. ఏం జెప్పేది వాటికి?"

ఊరికే పిలవడు. సరే, పనిబడి ఎప్పుడు పిలుస్తాడని అడిగితే, ఎండ దిగాక వంకలో నీళ్ళకు తోలేటప్పుడు అన్నాడు. పనేమీ లేనివాడిలా అక్కడే కూర్చున్నాను. ఆయన తన సంగటి ముద్దలో సగం తీసి నాకు పెట్టాడు. ఆ గొర్రెల్లో తనవి కొన్నేనట. మిగతావి చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు మేపమని అప్పగించినవి. మందతో ఊరూరూ తిరుగుతాడు, ఎరువు కోసం రైతులు పిలిస్తే రాత్రిళ్ళు వాళ్ళ చేలల్లో మంద కడతాడు. కొత్త గొర్రె వస్తే దానికి తన కూత అలవాటయ్యేదాకా పక్కనే పెట్టుకుని తిరుగుతాడట. "అది ఒక్కసారి నమ్మిందంటే ఇంక తాడక్కర్లా," అన్నాడు.

ఎండ దిగింది. ఫోను చొక్కా జేబులో పెట్టి రికార్డింగు నొక్కాను. ఆయనకు చెప్పలేదు. చెబితే ఒప్పుకునేవాడేమో కూడా.

ఆ కూత ఆగే చోట సరిగ్గా కూర్చుంది. మొదట ఉదయగిరిలో ఒక పెళ్ళి ఊరేగింపులో వేశాం. దరువు ఆగి ఆ కూత ఒంటరిగా లేచినప్పుడు ఎగురుతున్నవాళ్ళంతా చేతులు గాల్లో పెట్టి అలాగే నిలబడిపోయారు. దరువు పడగానే నేల అదిరింది. ఆ వేసవి అయ్యేసరికి పాట వింజమూరు దాటి కావలి దాకా పోయింది. ఆటోల్లో, పొలం ట్రాక్టర్లలో, అనుమసముద్రంపేట దర్గాకు వచ్చే కార్లలో అదే మోగేది. ఆన్‌లైన్‌లో పెడితే ఎక్కడెక్కడివాళ్ళో దానికి ఎగురుతూ వీడియోలు చేశారు.

పాట అంతగా పాకడానికి ఇంకో కారణం, అందులో ఏ ముక్క ఏ సినిమాలోదో కనిపెట్టడం ఒక ఆటయిపోయింది. టీ కొట్ల దగ్గర పందేలు వేసుకునేవాళ్ళు. గుర్రాలు ఫలానా సినిమావని, సుత్తి ఫలానా కోర్టు సీనుదని ఒక్కొక్కటీ పట్టేశారు. కూత ఒక్కటే ఎవరికీ దొరకలేదు. నన్నడిగితే ఏం చెప్పాలని ఓనరునడిగాను.

"సినిమాదే అని చెప్పు. ఏ సినిమానో చెప్పొద్దు."

"అది గొర్రెలు మేపే ఆయనది గదరా."

"గొర్రెలోడి కూత అంటే ఎవడు ఎగురుతాడ్రా మిక్సింగూ? మా ఇంటెనక రోజూ ఇనపడేదేగా అంటారు. సినిమాది అను, పడి చస్తారు."

అతను చెప్పినట్టే జరిగింది. వింజమూరులో ఒక రిటైరయిన మాస్టారు ఆ సినిమా తాను నెల్లూరులో చూశానని, హీరోయిను అన్న చనిపోయే ముందు ఆ కూత కూస్తాడని కథ కూడా చెప్పాడు. నేను ఆయన ఎదుట నిలబడి, "అవునండీ, అదే," అన్నాను.

కొన్నాళ్ళకు ఒక ఉదయం గొర్రెలాయన నా కొట్టుకు వచ్చాడు. సీతారామపురం బస్సులో వచ్చి, దారి అడుగుతూ అడుగుతూ సందు పట్టుకున్నాడు. కొట్టులో ఓనరు ఉన్నాడు, ఇంకో ఇద్దరు సౌండ్ సర్వీసువాళ్ళు ఉన్నారు. ఆయనకు కోపం ఉన్నట్టు లేదు.

"అబ్బయా, నీ పాటలో నా కూత పెట్టినావంట గదా. పెడితే పెట్టినావు. ఇప్పుడు తీసెయ్యి."

"నీ కూతేంది అన్నా?"

"యాడ జూసినా అదే మోగతాండాది. దున్నే ట్రాక్టరోడు పెడతాడు, దోవన పోయే మోటారు సైకిలోడు పెడతాడు. నేను పిలిచినాననుకోని గొర్రెలు పోతాయి. పోయి చూస్తే నేనుండను. రెండు మూడుసార్లు అట్టా అయ్యేసరికి ఇప్పుడు నేను నిజంగా పిలిచినా సగం తలకాయెత్తవు. సగం వస్తాండాయి, సగం నిలబడి చూస్తాండాయి. మంద రెండైపోతాండాది. జనం నమ్మి అప్పజెప్పిన గొర్రెలు అయి. నా చెయ్యి దాటిపోతే వాళ్ళకేం జెప్పేది?"

ఆ మాటలో నాకు అర్థం కానిది ఏమీ లేదు. కానీ ఆ ఇద్దరూ వింటున్నారు. ఒప్పుకుంటే సాయంత్రానికల్లా ఉదయగిరి దాకా తెలిసిపోతుంది.

"అది నీది కాదన్నా. సినిమాలోది," అన్నాను.

ఆయన నన్ను కాసేపు చూశాడు. "నా గొంతు నాకు తెలవదా?"

"ఒకే మాదిరి గొంతులు ఉంటాయన్నా."

"సరే, నేను పొరబడినా. గొర్రెలు గూడా పొరబడతాయా?"

ఓనరు అందుకున్నాడు. "నీ గొర్రెలు గూడా ఆ సినిమా చూసొచ్చినాయేమో పెద్దాయనా! టిక్కెట్లు నువ్వే కొనిచ్చినావా?"

కొట్టంతా నవ్వింది. నేనూ నవ్వాను. ఆయన తుండుగుడ్డ భుజాన వేసుకుని, "బస్సు పోతే మళ్ళా సాయంత్రం దాకా లేదు," అని వెళ్ళిపోయాడు.

అప్పటికే పాట వేల ఫోన్లలో ఉంది, తీయడం నా చేతిలో లేదు అని ఆ రోజు నాకు నేను చెప్పుకున్నాను. అందులో సగమే నిజం. మా ట్రాక్టరులో మోగేది నా చేతిలోనే ఉంది. ఆ కూత తీసేసి ఇంకొకటి చేయడానికి ఒక పూట చాలు. ఆ పూట నేను పెట్టలేదు.

ఇక అసలు రోజు సంగతి. వినాయక నిమజ్జనం. ఉదయగిరికి ఇవతల ఒక ఊరు. మధ్యాహ్నం దాటాక విగ్రహంతో బయల్దేరి రోడ్డు వెంబడి చెరువుకు పోతున్నాం. ఓనరు మైకు పట్టుకున్నాడు, నేను ట్రక్కులో మిక్సరు దగ్గర ఉన్నాను. రంగులు చల్లుకుంటూ ఊరు ఊరంతా ముందు ఎగురుతోంది. రోడ్డుకు ఒక పక్క కొండవాలు. ముందర మలుపు.

మా పాట వేశాను. దరువు ఆగింది. కూత లేచింది.

ట్రక్కు ఎత్తు మీద ఉన్నాను కాబట్టి నాకే కనపడింది. కొండవాలు మీద కళ్ళ చుట్టూ నల్లచారలున్న తెల్ల గొర్రెలు తలలెత్తాయి. ముందున్న కొన్ని కిందికి దిగడం మొదలుపెట్టాయి. దరువు పడగానే బెదిరి ఆగిపోయాయి. ఎవరి మందో నాకు ఆ క్షణమే తెలిసింది. తెలిసి ఏమనుకున్నానో కూడా రాస్తాను. నా పాటకు గొర్రెలు కూడా వస్తున్నాయి అనుకున్నాను. గర్వపడ్డాను. ఓనరు భుజం తట్టి అటు చూపించాను. అతను మైకులో అరిచాడు. "చూడండ్రా, గొర్రెలు గూడా డాన్సుకు వస్తాండాయి! మిక్సింగూ, ఇంకోసారి!"

జనం "ఇంకోసారి, ఇంకోసారి" అన్నారు. వెనక్కి జరిపి కూత మళ్ళీ వేశాను. ఆగినవి మళ్ళీ కదిలాయి. దరువు పడనీయకుండా మూడోసారి కూడా కూతే వేశాను. ఈసారి అవి పరుగెత్తాయి. వాటి వెనక తుండుగుడ్డ ఊపుతూ ఆయన దిగుతున్నాడు. నోరు తెరిచి ఏదో అరుస్తున్నాడు. మా బాక్సుల ముందు ఆ గొంతు ఎక్కడ వినపడుతుంది?

మలుపు తిరిగి వచ్చిన లోడు లారీ జనాన్ని చూసి ఒక్కసారిగా పక్కకు తిరిగింది. గొర్రెలు రోడ్డెక్కింది అక్కడే.

అన్నీ ఆపేశాను. చచ్చినవి చచ్చాయి, నడుములు విరిగినవి కదల్లేక అరుస్తున్నాయి. చచ్చినవన్నీ ముందు దిగినవే. ఆయన కూతను ఇంకా నమ్ముతున్నవే. నమ్మకం పోయినవి కొండ మీదే నిలబడి ఉన్నాయి. ఆయన రోడ్డు మీద కూర్చుని ఒక గొర్రె తల ఒళ్ళో పెట్టుకున్నాడు. నా వైపు చూడలేదు. ఊరివాళ్ళు లారీ డ్రైవరు మీద పడ్డారు. కాసేపటికి ఎవరో పండగ ఆగకూడదన్నారు. విగ్రహం కదిలింది. మేమూ కదిలాం.

తర్వాత నెల దాకా మాకు ఏ కబురూ లేదు. ఆ నెలలో ఆయన పాత కూత పూర్తిగా మానేశాడు. మందకు కొత్త కూత అలవాటు చేస్తున్నాడు. రోజుల తరబడి గొర్రెలను దగ్గర పెట్టుకుని, గడ్డి పెడుతూ, నీళ్ళు పెడుతూ, అదే కూస్తున్నాడు. అది అలవాటయ్యేలోగా కొన్ని ఒకరి పెసర చేలో పడి మేశాయి. గొర్రెలు అప్పగించినవాళ్ళు ఇక ఊరుకోలేదు. ఒక మాజీ సర్పంచి దగ్గర పంచాయితీ పెట్టారు. ఆయన నా పాట సంగతి చెప్పడంతో నన్నూ ఓనరునూ రమ్మని కబురు వచ్చింది.

ఉదయం పూట. మాజీ సర్పంచి కొట్టం ముందు కుర్చీలు వేశారు. పక్క చేలోనే ఆయన మంద కట్టి ఉంది. గొర్రెలు అప్పగించినవాళ్ళలో ఒక ఒంటరి ఆడమనిషి ఉంది. ఆమెకున్నవి రెండే గొర్రెలు, రెండూ లారీ కింద పోయాయి.

"నా కూత వాళ్ళ పాటలో ఉండాది అయ్యా. బాక్సుల్లోంచి నా గొంతే పిలిచింది. అందుకే అయి దిగినాయి," అన్నాడు ఆయన.

"ఆ పాటలోది సినిమా కూత గదా! పాట విని నువ్వే నేర్చుకోనుంటావు," అన్నాడొకడు. కొందరు నవ్వారు.

మాజీ సర్పంచి చెయ్యెత్తి ఆపాడు. "ఏమయ్యా, ఒక్కసారి కుయ్యి. వింటే తెలిసిపోద్దిగా."

ఆయన పక్క చేలోని మంద వైపు చూశాడు. "కుయ్యను అయ్యా."

"ఎందుకు?"

"నెల నుంచి ఆ కూత మరిపిస్తాండా. ఇప్పుడిప్పుడే మరుస్తాండాయి. ఇప్పుడు కూస్తే కంచె దూకి వస్తాయి. మళ్ళా మొదటికొస్తుంది."

"నీ మాట నిలబడాలంటే కుయ్యాల్సిందే మరి."

"నా మాట పోతే పోనీ అయ్యా," అన్నాడు.

మాజీ సర్పంచి నా వైపు తిరిగాడు. "నువ్వు చెప్పవయ్యా. చదువుకున్నోడివి. అది ఎవరి గొంతు?"

నా జేబులో ఫోనుంది. అందులో పాట ఉంది. మంద అరవై అడుగుల్లో ఉంది. అక్కడ ఆ ముక్క ఒక్కసారి వినిపిస్తే మనుషుల సాక్ష్యం అక్కర్లేదు. ఆ సంగతి ఆయనకూ తెలుసు, నాకూ తెలుసు. గొర్రెలు పాడవుతాయని ఆయన పాట వెయ్యమని అడగలేదు. చచ్చినవాటి లెక్క నా మెడకు చుట్టుకుంటుందని నేను ఫోను తియ్యలేదు.

"పాత సినిమాలోదండీ," అన్నాను.

అంతటితో తేలిపోయింది. ఎవరి గొర్రెలను వాళ్ళు ఆ పూటే తీసుకుపోవాలన్నారు. చెవులకున్న గుర్తులు చూసి మందను విడదీశారు. తోలుకుపోతుంటే అవి కదలవు. కదిలినా వెనక్కి తిరిగి ఆయన దగ్గరకే వస్తాయి. చివరకు గొర్రెల సొంతదారులే, "నువ్వే కొంత దూరం తోలిపెట్టవయ్యా," అన్నారు. ఆయన ఒక్కో గుంపుతో చేను చివరిదాకా నడిచి వెళ్ళి, అక్కడ అప్పజెప్పి, మళ్ళీ ఇంకో గుంపు కోసం వచ్చాడు.

తిరుగుదారిలో ఓనరు, "బాగా చెప్పినావురా," అన్నాడు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదని రాస్తే చదవడానికి బాగుంటుంది. కానీ పట్టింది. ఆ తర్వాత కూడా చాలాకాలం పట్టింది. పాట డబ్బు తెచ్చింది, పేరు తెచ్చింది. హైదరాబాదు నుంచి కూడా పిలిచారు. నాలుగైదేళ్ళ తర్వాత బాక్సుల పక్కన నిలబడి నిలబడి నా ఎడమ చెవి పోయింది. ఆ పని మానేసి ఇప్పుడు మోటార్లకు వైండింగ్ చేసుకుంటున్నాను. ఓనరు బండి అమ్మేసి నీళ్ళ ట్యాంకరు నడుపుతున్నాడు. ఇది రాస్తానని చెబితే, "నన్ను కొంచెం సన్నగా రాయిరా," అన్నాడు. అతన్ని తప్పుపట్టడానికి ఇది రాయడం లేదు. అతను సలహా ఇచ్చాడు. అబద్ధం చెప్పింది నేను.

ఆ సినిమా చూసి వచ్చిన వారం మాజీ సర్పంచి దగ్గరకు వెళ్ళి ఉన్నదున్నట్టు చెప్పాను. ముసలాయనైపోయాడు. అంతా విని, "ఆ పొద్దే చెప్పుండాల్సింది. ఇప్పుడు చెప్పి ఏం చేస్తావు? ఆ గొర్రెలోళ్ళలో సగం మంది ఊళ్ళోనే లేరు, పనులకు పోయినారు. సరే, ఉండేవాళ్ళకు చెప్తాలే," అన్నాడు. రెండు గొర్రెలూ పోగొట్టుకున్న ఆమె మాత్రం ఊళ్ళోనే ఉంది. ఆమెకు నేనే చెప్పాను. "ఆయన అబద్ధమాడే మడిసి కాదని మాకు తెలుసయ్యా. నువ్వు కంప్యూటరోడివి గదా, నీకు తెలిసుంటాది అనుకున్నాం," అంది.

ఆన్‌లైన్‌లో పాట కింద కూడా రాశాను. ఆ కూత ఒక గొర్రెల కాపరిదని, ఆయన్ను అడగకుండా తీసుకున్నానని. దాని కింద ఇప్పటికీ "ఏ సినిమా బ్రో?" అని అడుగుతూనే ఉన్నారు.

చివరికి ఆయన దగ్గరకు వెళ్ళాను. సీతారామపురం అవతల ఒక వంక ఒడ్డున కనిపించాడు. గుప్పెడు గొర్రెలు, అన్నీ ఆయన సొంతవే. నన్ను గుర్తుపట్టాడు. పక్కన కూర్చోమనలేదు, పొమ్మనలేదు.

"సర్పంచి పెద్దాయన దగ్గర ఒప్పుకున్నానన్నా. ఆ కూత నీదే అని."

"చెప్పినారు."

"ఇదంతా రాస్తాండా. నీ పేరు పెట్టి రాస్తా."

"వద్దు. పేరు రాస్తే ఇంకోడెవడన్నా ఫోను తీసుకోని వస్తాడు."

అందుకే ఇందులో ఆయన పేరు లేదు. ఆయనది లేనప్పుడు ఇంకెవరి పేరూ పెట్టబుద్ధి కాలేదు.

ఆయన వంక అవతలి గొర్రెలను ఒకసారి చూసుకున్నాడు. తర్వాత ఆయనే, "ఒకటి అడుగుతా," అన్నాడు. "ఆ పొద్దు గొర్రెలు దిగతా ఉంటే నువ్వు చూసినావా, చూళ్ళా?"

చూడలేదని చెప్పడానికి వీలుంది. ఎవరూ కాదనలేరు.

"చూసినానన్నా. చూసే మళ్ళా వేసినా."

ఆయన తల ఊపాడు. "చూసుండడులే అనుకునేవోణ్ణి ఇన్నాళ్ళూ," అన్నాడు.

పొద్దు దిగుతోంది. గొర్రెలు వంక అవతల విడివిడిగా మేస్తున్నాయి. ఇంటికి తోలే వేళయింది. ఆయన లేచి, తుండుగుడ్డ దులుపుకుని, కర్ర చేతిలోకి తీసుకున్నాడు. కానీ పిలవలేదు. నిలబడి నా వైపు చూస్తున్నాడు. ఎందుకో నాకు వెంటనే తట్టలేదు. చొక్కా జేబులో ఫోను చేతికి తగిలాక తట్టింది. లేచి బండి తీశాను.

మలుపు దాకా అద్దంలో చూస్తూ వెళ్ళాను. ఆయన అలాగే నిలబడి ఉన్నాడు. గొర్రెలు మేస్తూనే ఉన్నాయి.